ఇషాన్ ఆర్య వెలుతురు: శాలిబండలో ఒక వాదన

'ముత్యాల ముగ్గు' గురించి రాసేటప్పుడు మనవాళ్లు బాపు గీతను, రమణ రాతను, రావు గోపాలరావు గొంతును తలుచుకుంటారు. ఆ సినిమాకు 1975వ సంవత్సరపు జాతీయ ఉత్తమ ఛాయాగ్రాహకుడి బహుమతి తెచ్చిన ఇషాన్ ఆర్య మాత్రం వ్యాసం చివర్లో ఒక పేరుగా మిగిలిపోతాడు. బొంబాయిలో ప్రకటన చిత్రాలు తీసుకునే ఆయన ఎం.ఎస్. సత్యు ఆగ్రాలో తీసిన 'గర్మ్ హవా'తో కథాచిత్రాల్లోకి వచ్చాడు. బాపు కోసం తెలుగు పల్లెను తీశాడు. 1982లో వచ్చిన సాగర్ సర్హదీ 'బాజార్' కోసం హైదరాబాదు ఇళ్లలోకి కెమెరా తెచ్చాడు. ఆగ్రా హవేలీని, తెలుగు పల్లెను, పాతబస్తీ ఇంటిని ఒకే చెయ్యి తీసిందన్న సంగతి నన్ను ఇప్పటికీ ఆశ్చర్యపరుస్తుంది.

ఈ సంవాదంలో ఉన్న ఇద్దరూ శాలిబండ వాళ్లు. మేనమామ అక్కడే ఏళ్ల తరబడి ఫోటో స్టూడియో నడిపి ఇప్పుడు మూసేశాడు. మేనకోడలు సినిమాలకు, వెబ్ సిరీస్‌లకు కెమెరా అసిస్టెంటుగా పనిచేస్తూ, పాతబస్తీ మీద సొంతంగా ఒక డాక్యుమెంటరీ తీయాలని తిరుగుతోంది. ఇద్దరూ కలిసి 'బాజార్' మళ్లీ చూశాక మొదలైన వాదన ఇది. పేర్లు వద్దన్నారు గనక వరసలతోనే రాస్తున్నాను. నా మొగ్గు మామవైపే, దాచను. అయినా కోడలి మాటల్లో నేను జవాబు చెప్పలేనివి ఉన్నాయి. వాటిని కత్తిరించకుండా పెట్టాను.

మేనకోడలు: మామా, నువ్వు పొద్దున లేస్తే ఇషాన్ ఆర్య స్టైల్, ఇషాన్ ఆర్య స్టైల్ అంటవు. నాకైతే మూడు సినిమాలల్ల మూడు వేరే వేరే కండ్లు కనబడుతున్నయి. 'గర్మ్ హవా' సత్యు సినిమా. ఆయన నాటకాల నుంచి వచ్చినోడు, 'హకీకత్'కు ఆర్ట్ డైరెక్షన్ చేసినోడు. 'ముత్యాల ముగ్గు' బాపుది. ఆయన షూటింగుకు ముందే షాటు షాటుకు బొమ్మ గీసుకునేటోడు. 'బాజార్' సర్హదీది. ఆయన మాటల మనిషి, 'కభీ కభీ' రాసినోడు. వీళ్లు చెప్పింది కెమెరామన్ తీసిండు. ఇందుల ఆయన సొంతమేంది?

మామ: నువ్వు ఫ్రేము చూస్తున్నవ్ బిడ్డా. నేను ఫ్రేముల నలుపు చూస్తున్న. బాపు బొమ్మల మనిషి ఏడ కూర్చోవాల్నో ఉంటది, చెయ్యి ఎట్ల పెట్టాల్నో ఉంటది, ఎనక తులసికోట ఎంత పెద్దగ కనబడాల్నో ఉంటది. గది మూల ఎంత నల్లగ పోవాల్నో ఆ బొమ్మ చెప్పదు. అది కెమెరామన్ చేతిల పని. ఆ రోజులల్ల మద్రాసు స్టూడియోల తీసిన రంగుల సినిమాలు గుర్తు తెచ్చుకో. గది అంటే నాలుగు మూలలూ కనబడాలె. దేవుని పటం కనబడాలె, మంచం కోడు కనబడాలె. హీరోయిన్ చెంప మీద ఒక లైటు, జుట్టు ఎనక ఒక లైటు, ఎనక గోడకు ఇంకో లైటు. రాత్రి పదింటికి దీపం ఆర్పితే కూడ గది మిలమిల మెరుస్తనే ఉండేది. ఇషాన్ ఆర్య వచ్చి, ఒక దిక్కు నుంచి వెలుతురు వస్తే ఇంకో దిక్కు చీకటైతది అని ఒప్పుకున్నడు. గంతే. గంత చిన్న సంగతి ఒప్పుకునేటందుకు ఎంత ధైర్యం కావాల్నో స్టూడియో నడిపినోనికి తెలుస్తది.

మేనకోడలు: ఒప్పుకున్నడా, గతిలేక తీసిండా? 'గర్మ్ హవా' సంగతి నీకు ఎరుకే గదా. ఫిల్మ్ ఫైనాన్స్ కార్పొరేషన్ ఇచ్చింది 2.5 లక్షలు. మిగిలింది దోస్తుల కాడ తెచ్చిన అప్పు. కెమెరా కూడ ఒక దోస్తు ఊరికె ఇచ్చిందే. సౌండ్ రికార్డు చేసేటందుకు పైసలు లేక బొమ్మ మూగగ తీసి, తర్వాత డబ్బింగ్ చెప్పుకున్నరు. లైట్లు కిరాయికి తెచ్చే పైసలు లేనోడు కిటికీ వెలుతురుల తీస్తడు. దాన్ని మనం యాభై ఏండ్లకు స్టైల్ అని పేరు పెట్టి మొక్కుతున్నం.

మామ: పైసలు లేక తీసినోళ్లు దేశంల వందలమంది ఉన్నరు. అందరూ 'గర్మ్ హవా' తీసిన్రా? ఇంకో మాట. ఆ సినిమాకు ఆయన ఒట్టి కెమెరామన్ కాదు, నిర్మాతలల్ల కూడ ఒకడు. సత్యు, అబూ సివానీతో కలిసి నెత్తిన ఎత్తుకున్నడు. ఏ సామాను లేదో, ఏది ఉన్నదో ఆయనకు తెలిసినంత ఎవ్వరికీ తెల్వదు. నువ్వు చెప్పిన మూగ షూటింగే తీసుకో. సౌండ్ లేదు గనక కెమెరాకు గరగర శబ్దం ఆపే పెద్ద డబ్బా తొడగనక్కర్లే. కెమెరా చేతిల తేలికయింది. ఇరుకు మెట్ల మీదికి ఎక్కింది, వాకిట్లకు దిగింది. ఆగ్రా పీపల్ మండీల నిజమైన పాత హవేలీల తీసిన్రు ఆ ఇంటి సీన్లు. ముసలి దాదీని చివరి గడియలల్ల ఆ ఇంటికి మోసుకొస్తరు చూడు, అప్పుడు ఆ ఇల్లు సెట్టు లెక్క కనబడితే మనకు దుఃఖం వస్తదా? లేమిని అడ్డం తిప్పి వాడుకున్నడు. అది చేతగాని పని కాదు.

మేనకోడలు: హవేలీ నిజమైంది, ఒప్పుకుంట. అక్కడ జనం గొడవ చేస్తున్నరని, ఉత్త కెమెరా ఇచ్చి ఇంకో యూనిట్‌ను వేరే దిక్కు పంపి జనాన్ని మళ్లించి తీసిన్రట. అంత తిప్పలు పడ్డోళ్లను తక్కువ చెయ్య. నాకు పంచాయతీ ఏందంటే, మీ తరం "లైట్లు లేకుండ తీసిండు" అని ఒక కథ చెప్తది. నేను లెక్క చెప్త విను. అప్పటి రంగుల నెగెటివ్ స్పీడు 100 ఏఎస్ఏ. అది కూడ స్టూడియో బల్బుల కింద తీసేటందుకు చేసిన స్టాకు. పగటి వెలుతురుల తీయాలంటే లెన్సు ముందు నారింజ రంగు 85 ఫిల్టర్ పెట్టాలె, లేకపోతే బొమ్మంతా నీలమైతది. ఫిల్టర్ పెట్టంగనే స్పీడు 64కు పడిపోతది. నేను ఇయ్యాల వాడే కెమెరా 800 మీద కూసొని నడుస్తది. అంటే అదే ముఖానికి ఆయనకు నాకంటె పన్నెండు రెట్లు వెలుతురు కావాలె. గది లోపట, కిటికీకి నాలుగడుగుల దూరంల మనిషిని నిలబెడితే ఆ స్టాకు మీద కండ్లు గుంతలు, ముఖం నలుపు. అందుకే చెప్తున్న, ఆయన లైట్లు పెట్టిండు. పెట్టి దాచిండు.

మామ: దాచుడే పని బిడ్డా! నేనెప్పుడన్న లైటే పెట్టలేదన్ననా? వెలుతురు ఏడికెళ్లి రావాల్నో ఇంటిని అడిగి పెట్టిండు అంటున్న. మన పాత ఇల్లు యాది చేసుకో. నడుమ ఆంగన్, చుట్టూ దాలాన్, ఎనక గది. ఎండ నేరుగ గదిలకు ఏనాడూ రాదు. ఆంగన్ల షాబాదు బండ మీద పడి లేస్తది, దాలాన్ కప్పును తాకుతది, అక్కడి నుంచి మెత్తబడి గదిల దిగుతది. అందుకే ఆ ఇండ్లల్ల మనిషి ముఖానికి వెలుతురు కింది నుంచి, పక్క నుంచి వస్తది. గడ్డం కింద నీడ ఉండదు, కనుబొమ్మల మీద ఉంటది. సున్నంల జర నీలం కలిపి కొట్టేటోళ్లు గోడలకు. ఆ నీలం చెంప నీడల తేలుతది. మా అమ్మ దాలాన్ల కూసొని బియ్యం ఏరుతుంటే నేను చూసింది ఆ రంగే. బయటి నుంచి వచ్చి, నెత్తి మీద లైటు కట్టి తీసేటోనికి ఈ సంగతి ఒక్క నిమిషంల దొరకదు. ఆగ్రా హవేలీ ఇల్లు కూడ ఇదే లెక్క. అక్కడ ఆంగన్ చదివి వచ్చినోడు గనక ఇక్కడ ఆంగన్ ఆయనకు అర్థమయింది. నా నమ్మకం ఇది.

మేనకోడలు: ఇల్లు చెప్పిన వెలుతురును ఇల్లు లేకుండ కూడ తయారు చేయొచ్చు మామా. సుబ్రత మిత్ర 1956ల 'అపరాజితో'కు ఏం చేసిండు? కాశీ ఇంటి ఆంగన్‌ను కలకత్తా స్టూడియోల కట్టిన్రు. ఆయన సెట్టు పైన తెల్లబట్ట చట్రానికి కట్టించి, కింది నుంచి లైట్లు ఆ బట్ట మీదికి కొట్టిండు. బట్ట ఆకాశమయింది. వెలుతురు అక్కడి నుంచి మెత్తగ దిగింది. నువ్వు చెప్పిన ఆంగన్ వెలుతురే, నయా పైసా తేడా లేకుండ. ఇంకోటి చెప్పనా? 1993ల 'ది సెంట్ ఆఫ్ గ్రీన్ పపాయా' అని వియత్నాం సినిమా వచ్చింది. సైగాన్‌ల ఒక ఇల్లు, పనిపిల్ల, వంట, ఆకు మీద నీటిబొట్టు. ట్రాన్ ఆన్ హుంగ్ తీసిండు. ఆ ఇల్లు, ఆ వాకిలి, ఆ ఆకులు సైగాన్‌వి కావు. పారిస్ పక్కన స్టూడియోల కట్టినయి. కెమెరా ఫ్రెంచ్ మనిషి బెనువా దెలోమ్. చూస్తే ఒళ్లు తడిసినట్టు ఉక్కపోత కనబడుతది. నిజమైన ఇల్లే కావాలె, నిజమైన వెలుతురే కావాలె అనేటోళ్లకు దానికి జవాబు లేదు.

మామ: నువ్వు నాకు ఎదురు చెప్తున్న అనుకుంటున్నవ్. నా మాటే చెప్తున్నవ్. సుబ్రత మిత్ర బట్ట కట్టింది ఎందుకు? ఆంగన్ వెలుతురు ఎట్ల దిగుతదో ఆయన చూసిండు గనక. ఆ వియత్నాం దర్శకుడు పన్నెండేండ్లకే దేశం విడిచి ఫ్రాన్సుకు పోయిన పిల్లగాడు. ఇల్లు లేదు, యాది ఉన్నది. ఆ యాదిని స్టూడియోల కట్టిండు. నేను స్టూడియో మీద కత్తి కట్టినోన్ని కాదు. మార్కస్ బార్ట్లే పేరు చెప్తే లేచి నిలబడ్త. 1957ల 'మాయాబజార్' పడవ పాటకు ఆయన కురిపించిన వెన్నెల ముందు అసలు వెన్నెల చిన్నబోతది. గని ఆ వెన్నెల పాట కోసం పుట్టింది, పాటతోనే పోతది. ఆ వెన్నెలల ఎవ్వరూ బియ్యం ఏరరు, ఎవ్వరికీ జొరం రాదు. 'ముత్యాల ముగ్గు'ల పిల్ల మీద నింద పడ్డంక ఆమె బతకాల్సిన వెలుతురు వేరే. పొద్దున ఆరింటికి ఒక తీరు, పన్నెండింటికి ఒక తీరు. ఆ తేడా చూపించినోడు ఇషాన్ ఆర్య.

మేనకోడలు: 'ముత్యాల ముగ్గు' అంటే జనానికి ఏం యాదికొస్తది చెప్పు. కాంట్రాక్టర్ పొద్దున్నే సూర్యున్ని చూసి, ఆకాశంల మర్డరు జరిగినట్టుంది అంటడు. ఆ మాట అందరికీ వస్తది. ఆ సూర్యుడు తెర మీద ఎట్లున్నడో ఎంతమందికి యాదికొస్తది? మాట తీసుకుంటే ముళ్లపూడి వెంకటరమణ. పాట తీసుకుంటే గుంటూరు శేషేంద్రశర్మ సినిమాకు రాసిన ఒకే ఒక్క పాట. మన జ్ఞానబాగ్ ప్యాలెస్‌ల ఉన్న కవి. ఇంకా కె.వి. మహదేవన్ బాణీ. కెమెరాకు బహుమతి వచ్చింది నిజమే గని, జనం మనసుల మిగిలినయి మాట, పాట.

మామ: మిగులుడు రెండు తీర్లు. మాట నోట్ల మిగులుతది. వెలుతురు కంట్ల మిగిలి, ఆ తర్వాత వచ్చేటోని పనిల బయటపడుతది. ఆ సినిమా తర్వాత తెలుగుల పల్లె పొద్దు అంటే ఎట్లుండాల్నో ఒక కొలత వచ్చింది. ఎండకు ఎదురుగ కెమెరా పెట్టొచ్చు, మనిషి అంచు మెరవొచ్చు, ముఖం జర నీడల ఉన్నా కొంపేం మునగదు అని అందరికీ తెలిసింది. మా స్టూడియోకు వచ్చే కుర్ర ఫోటోగ్రాఫర్లు గండిపేట పోయి పొద్దుకు ఎదురు నిలబెట్టి ఫోటోలు తీసుకొచ్చేటోళ్లు. ముఖం నల్లగ వచ్చిందని పెండ్లివారు కొట్లాడేటోళ్లు. ఆ రోగం ఏడికెళ్లి అంటిందనుకున్నవ్?

మేనకోడలు: సరే, పల్లె నీకు ఇచ్చేసిన. ఇగ మన ఇంటికి రా. 'బాజార్' చూసినప్పుడల్లా నాకు మండుతది. కథ ఏంది? గల్ఫ్‌ల సంపాదించినోడు పెండ్లికి లేత పిల్ల కావాలంటడు. బొంబాయోళ్లు హైదరాబాదుకు వచ్చి, బీదింటి పిల్లను చూసి, బేరం కుదురుస్తరు. చివరికి పిల్ల ప్రాణం తీసుకుంటది. బొంబాయి నుంచి మనుషులు దిగిన్రు, మన పిల్లను తీసుకపోయిన్రు. కెమెరా కూడ బొంబాయి నుంచే దిగింది మామా. అది కూడ మన పిల్ల ముఖాన్ని తీసుకొనే పోయింది. అప్పటి నుంచి దేశానికి పాతబస్తీ అంటే ఒక చిల్మన్, ఒక చీకటి గది, ఒక కన్నీటి బొట్టు. లాల్‌దర్వాజ బోనాలు ఏవి? గౌలిపుర, అలియాబాద్ ఏవి? పొద్దుగాల నహారీ కాడ వాదులాడే మొగోళ్లు ఏరి? మదీనా కాడ బేరమాడి గెలిచే ఆడోళ్లు ఏరి? మన ముప్పావు బతుకు ఆయన వదిలిన నలుపులనే కలిసిపోయింది. నువ్వు ఆ నలుపుకు మొక్కుతున్నవ్.

మామ: సినిమా లేనిది పుట్టించలే బిడ్డా. 1991ల ఏమయింది? మన పాతబస్తీ పిల్ల, పదేండ్లది. అరవై ఏండ్ల సౌదీ మనిషి పెండ్లి చేసుకుని విమానంల తీసుకపోతుంటే, పిల్ల ఏడుస్తున్నదని ఎయిర్‌హోస్టెస్ పట్టించింది. అప్పుడు దేశమంతా ఉలిక్కిపడ్డది. 'బాజార్' దానికి తొమ్మిదేండ్ల ముందటిది. ఉలిక్కిపడమని అది ముందే చెప్పింది.

మేనకోడలు: చెప్పింది. చెప్పిన తీరు మీదనే నా కొట్లాట. కష్టం అందంగ కనబడుతది ఆ సినిమాల. రాత్రి పాట ఉన్నది చూడు. మఖ్దూం గజల్, ఖయ్యాం బాణీ, లతా గొంతు, తలత్ అజీజ్ గొంతు. కండ్లు మూసుకుని వింటే ప్రాణం లేచొస్తది. గని ఆ పిల్లకు పొద్దున ఏం కాబోతుందో తెలిసి, ఆ రాత్రిని అంత అందంగ తీసుడు ఏం న్యాయం?

మామ: మఖ్దూం ఎవరు? రైతుల పోరాటంల తిరిగి, అజ్ఞాతంల ఉండి, జైలుకు పోయిన మనిషి. ఆయనే ప్రేమ గజల్ కూడ రాసిండు. 1969ల పోయిండు, ఈ సినిమా చూడలే. తలత్ అజీజ్ కూడ మన ఊరోడే. పోరాడినోనికి అందం మీద హక్కు లేదంటవా? ఆ పిల్లకు, ఆమె ప్రేమించిన పిల్లగానికి ఉన్నది ఆ ఒక్క రాత్రి. దాన్ని కూడ మురికిగ తీస్తే నీకు నిజం కనబడుతదా?

ఇగ నీ ముఖం మాటకు వస్త. ఇది సినిమా చూసి నేర్చింది కాదు, నా పని చేసి నేర్చింది. నా స్టూడియోకు పెండ్లి సంబంధం ఫోటోల కోసం వచ్చేటోళ్లు. వాళ్లు అడిగేది ఒక్కటే, నీడ పడొద్దు. నీడ పడితే పిల్ల నల్లది అనుకుంటరు, చెంప మీద ఏదో మచ్చ దాస్తున్నరు అనుకుంటరు. అందుకని కుడి దిక్కు ఒక లైటు, ఎడమ దిక్కు ఒక లైటు, రెండూ సమానం దూరం. పిల్లను స్టూలు మీద కూసోబెట్టి గడ్డం జర పైకి లేపమంటం. నెగెటివ్ కడిగినంక, కింద వెలుతురు పడే బల్ల మీద పెట్టి, సన్నగ చెక్కిన పెన్సిల్‌తో కంటి కింది గీతలు, ముక్కు పక్క గీత పూడుస్తం. ప్రింటు వేసినంక ఆ ముఖంల ఒక్క అంగుళం కూడ పిల్లకు మిగలదు. అంతా చూసేటోనిదే. బేరానికి పెట్టిన వస్తువు అట్లనే ఉండాలె గదా, అన్ని దిక్కుల నుంచి కనబడాలె. లాడ్‌బజార్ల గాజుల దుకాణం చూడు, ఎన్ని బల్బులు! ఏ గాజు మీదన్న నీడ ఉంటదా?

ఇప్పుడు ఆ సినిమా పేరు ఏంది? 'బాజార్'. ఆ పేరు పెట్టిన సినిమాల సుప్రియా పాఠక్‌ను, స్మితా పాటిల్‌ను దుకాణం వెలుతురుల తీసి ఉంటే ఇషాన్ ఆర్య కూడ ఆ బేరంల పాలుపంచుకున్నట్టే. ఆయన ఒక దిక్కు వెలుతురు ఇచ్చి ఇంకో దిక్కు వదిలేసిండు. ఆ వదిలిన సగం వాళ్లది. కొనేటోనికి దొరకదు, మనకు కూడ దొరకదు. ఆయన స్టైల్ ఏందని అడిగినవ్ గదా. గిది.

మేనకోడలు: మంచిగ చెప్పినవ్ మామా. ఇంత మంచిగ ఏ పుస్తకంల కూడ చదవలే. అయినా ఒక్కటి అడుగుత. ఆ నీడ వల్ల గౌరవం ఎవరికి దక్కింది? చూసే మనకు. మనం కూడ కొనేటోని లెక్క చూస్తలేము అని మనకు ఊరట. ఆ పిల్లకు ఆ నీడ గౌరవం కాదు, కిటికీ లేని గది. మన పక్కింటి ఆమెకు ఆస్తమా. ఆమె గదిల గాలి లేదు, వెలుతురు లేదు. మధ్యాహ్నం పన్నెండింటికి కూడ బల్బు కావాలె. ఆమెను పోయి అడుగు, నీడ మంచిగున్నదా అని.

మామ: నువ్వు ఇంటి చీకటి చెప్తున్నవ్, నేను బొమ్మల చీకటి చెప్తున్న.

మేనకోడలు: ఆ రెండూ ఒకటే అని మొదలు చెప్పింది నువ్వే. వెలుతురు ఏడికెళ్లి రావాల్నో ఇంటిని అడిగిండు అన్నవ్. ఇంటిని అడిగినోడు ఇంట్ల మనిషిని కూడ అడగాలె గదా.

మామ: ఎట్ల అడుగుతరు? సినిమా తీసేటోడు ఊరంతా అర్జీలు పెట్టించుకుంటడా? బయటోడు అన్న ఒక్క మాట పట్టుకుని కూసుంటే మనకు సినిమానే మిగలదు. తెలంగాణ పల్లె మీద 'మా భూమి' తీసిన గౌతమ్ ఘోష్ బెంగాలీ. దొర గడీ లోపలి చీకటిని 1988ల 'దాసి'ల పట్టుకున్న ఏ.కె. బీర్ ఒడిశా మనిషి, దానికి జాతీయ బహుమతి తీసుకున్నడు. 'శంకరాభరణం'కు కెమెరా పట్టిన బాలు మహేంద్ర శ్రీలంకల పుట్టినోడు. మనం చూసీ చూసీ చూడకుండ అయిన దాన్ని వీళ్లు వచ్చి చూసిన్రు. పొద్దున ఆంగన్ల పడే ఎండను మా నాయన ఏనాడన్న చూసిండా? బనియన్లు ఆరేసేటందుకు తప్ప?

మేనకోడలు: బయటోళ్లు తీయొద్దని నేను అన్లే. లోపలోళ్లు తీసింది ఏదని అడుగుతున్న. 2003ల 'అంగ్రేజ్' వచ్చింది. చార్మినార్ కాడ చాయ్ తాగుకుంట కోతలు కోసే మన పోరగాళ్లు, మన దక్కనీ మాట. పాతబస్తీ అంత పెద్దగ నవ్విన సినిమా ఇంకోటి లేదు. జనం సీడీలు అరగదీసి చూసిన్రు. దాంట్ల కెమెరా పని గురించి ఎవ్వరూ మాట్లాడరు, ఎందుకంటే నీ లాంటోళ్లకు పట్టపగలు తీసింది కళ కాదు. నీడ ఉంటేనే కళ.

వియత్నాం మాట మళ్లొకసారి చెప్త. 'గ్రీన్ పపాయా'కు 1993ల కాన్‌ల తొలి సినిమాకిచ్చే కెమెరా డోర్ వచ్చింది. అది పారిస్‌ల కట్టిన సైగాన్, ఫ్రెంచ్ మనిషి కెమెరా. సరిగ్గ ముప్పై ఏండ్లకు, 2023ల, అదే బహుమతి ఇంకో వియత్నాం సినిమాకు వచ్చింది. 'ఇన్‌సైడ్ ది ఎల్లో కకూన్ షెల్'. ఫామ్ థియెన్ ఆన్ తీసిండు, కెమెరా దిన్ జుయ్ హుంగ్. ఇద్దరూ వియత్నాం మనుషులే. వాళ్ల కొండల మంచు, వాళ్ల ఎర్రమట్టి తొవ్వ, వాళ్ల చర్చి, వాళ్ల వాన. షాట్ మొదలైతే తెగదు. తొవ్వెంట నడుస్తది, ఒక ముసలాయన ఇంటికి చేరుతది, కిటికీ దాటి లోపటికి పోతది, ఆయన యుద్ధం నాటి ముచ్చట్లు చెప్తుంటే వింటది. చుట్టం ఇంటికి పోయినట్టు పోతది కెమెరా, తొందర లేకుండ. ముప్పై ఏండ్లల్ల ఆ దేశపు కెమెరా పారిస్ నుంచి సొంత ఊరికి చేరింది. 1982 నుంచి ఇప్పటికి మన శాలిబండకు చేరలే.

మామ: ఆ సినిమా చూపించినవ్ గదా నాకు. నిద్రపోలే నేను, చివరిదాక చూసిన. ఒక్కటి అడుగుత, కోపం తెచ్చుకోకు. ఆ కిటికీ కాడ లోపల ముసలాయన ముఖం ఎంత కనబడింది?

మేనకోడలు: తక్కువనే.

మామ: తక్కువనే. సొంతూరి పోరగాడు కూడ నీడ వదిలిండు.

మేనకోడలు: వదిలిండు. ఆయన వదిలిన తర్వాత ఆ ముసలాయన చానసేపు మాట్లాడిండు. ముఖం తక్కువ దొరికింది, మాట మొత్తం దొరికింది. 'బాజార్'ల మన పిల్లకు సర్హదీ రాసిన మాటలే దొరికినయి.

మామ: అది రాసినోన్ని అడుగు, కెమెరామన్‌ను కాదు. నువ్వే మొదలు అన్నవ్, డైరెక్టర్ చెప్పింది తీసిండని. ఇప్పుడు డైరెక్టర్ తప్పు కూడ ఆయన నెత్తిన పెడుతున్నవ్.

మేనకోడలు: సరే, అది తీసేస్త. సర్హదీది సర్హదీకే ఇస్త. గని నీ మాట మీద నాకు ఇంకా భయమే ఉన్నది. పాత ఇండ్లు పోతున్నయి. మాల్వాలా ప్యాలెస్ అంత దేవిడీని 2000 సంవత్సరంల కూలగొట్టిన్రు. ఇప్పుడు పాతబస్తీ ఇల్లంటే మూడు నాలుగంతస్తులు, ఇరువై అడుగుల గది, ఎల్‌ఈడీ ట్యూబు. నువ్వు చెప్పిన ఆంగన్ వెలుతురు పట్టుకోవాలంటే నేను పెద్దింటోళ్ల పాత హవేలీ ఒకటి కిరాయికి తీసుకోవాలె. అది పాతబస్తీ కాదు, పెండ్లి షూటింగ్ అయితది.

మామ: ఆంగన్ లేకపోతే ఆంగన్ కట్టమని నేను అన్ననా? ఇల్లు మారితే వెలుతురు మారుతది. ట్యూబులైట్ అయితే ట్యూబులైట్. ఇషాన్ ఆర్య ఇయ్యాల ఉంటే, ఆ ట్యూబు గోడ మీద ఏడ కొట్టిన్రో చూసి మొదలుపెడ్తడు. నువ్వు ఎవరిని తీస్తున్నవ్ మొదలు?

మేనకోడలు: జర్దోజీ చేసే ఆమెను. రెండో అంతస్తు గది, చట్రం నేల మీద పరిచి ఉంటది. గోడకు ఒక ట్యూబు, చట్రం మీదికి వేలాడేటట్టు ఇంకో ట్యూబు. రోజంతా రెండూ నడుస్తయి.

మామ: గోడ మీదిది బంద్ చెయ్యి. వేలాడేది ఒక్కటే ఉంచు. వెలుతురు బట్ట మీద పడి లేచి ముఖానికి తగుల్తది. ఎర్ర బట్ట ఉంటే ముఖంల ఎరుపు వస్తది, పచ్చ బట్ట ఉంటే పచ్చ. ఆమె పని ఆమె ముఖానికి రంగు ఇస్తది. ఎనక గోడ నల్లగ పోనియ్యి. ఆ గోడ మీద ఏమున్నదో ఎవ్వనికీ అక్కర్లేదు.

మేనకోడలు: ఆ గోడ మీద ఆమె బిడ్డ పదో తరగతి మెమో లామినేషన్ చేసి పెట్టుకున్నది మామా. గోడ ట్యూబు దానికోసమే అక్కడ కొట్టించిందేమో, నాకేం తెలుసు? సూదిల దారం ఎక్కాలంటే ఆమెకు రెండు ట్యూబులూ కావాలె. బిల్లు కట్టేది ఆమె. నీ నీడ కోసం నేను ఒకటి బంద్ చెయ్య.

మామ: బంద్ చెయ్యకు. గని ఆ రెండింటి మీద నువ్వు మూడోది తెచ్చి పెట్టకు. ముఖం కనబడలేదని రింగ్ లైటు తెస్తరు మీరంతా. అది పెట్టినవంటే మళ్లీ నా స్టూలు, నా రెండు లైట్లు. ఆమెను సంబంధం ఫోటోకు కూసోబెట్టినట్టే.

మేనకోడలు: ఆమెను అడుగుత. ముఖం ఎట్ల కనబడాల్నో ఆమె చెప్తది. లైటు కావాలంటే పెడ్త, వద్దంటే తీస్త.

మామ: అడుగు. నీడ వద్దంటది, రాసి పెట్టుకో. నా దగ్గరికి వచ్చినోళ్లు ఒక్కరు కూడ నీడ కావాలనలే.

మేనకోడలు: నీ దగ్గర అడిగింది తండ్రులు మామా. స్టూలు మీద కూసున్న పిల్లను నువ్వు ఎప్పుడన్న అడిగినవా?